పేరుకో తేదీ అడగండి

షాద్‌నగర్‌లో బిడ్డ పుడితే పంతులుగారు నక్షత్రం చూసి అక్షరం చెబుతారు. చిత్త నాలుగో పాదమైతే ‘రి’. అక్కడి నుంచి వెతుకులాటంతా ఫోన్‌లోనే. ‘రియాన్ష్’ దొరుకుతుంది. సంస్కృతమట, సూర్యుడి తొలి కిరణమట. ఇంకోచోట అదే పేరు విష్ణువు అంశ అయిపోతుంది. ఏ పుస్తకంలో ఉందో మాత్రం ఎవరూ చెప్పరు.

ఈ తంటా ఇంగ్లిషువాళ్లకూ ఉంది. వెనెస్సా అంటే గ్రీకులో సీతాకోకచిలుక అని పేర్ల జాబితాల్లో కనిపిస్తుంది. నిజానికి ఆ పేరు కట్టింది రచయిత జొనాథన్ స్విఫ్ట్. స్నేహితురాలు ఎస్తర్ వానమ్రీ ఇంటిపేరులోని మొదటి ముక్కకు ఎస్తర్‌ ముద్దుపేరు తగిలించాడు. ఆ పేరు వాడి అతను రాసిన కవిత 1726లో అచ్చయింది. కీటక శాస్త్రవేత్త ఫాబ్రీషియస్ ఒక సీతాకోకచిలుకల ప్రజాతికి ఆ పేరు పెట్టింది 1807లో. రెండు తేదీలూ పక్కపక్కన పెడితే తగువు తీరిపోయింది. 1945లో ఆక్స్‌ఫర్డ్ అచ్చువేసిన విథీకోంబ్ కూర్చిన ఇంగ్లిషు పేర్ల నిఘంటువు బలమూ ఇదే: పేరు ఏ కాలపు రికార్డుల్లో కనిపించిందో అందులో చూపించారు. జర్మనీలో ఏదైనా పేరు మీద జనన నమోదు అధికారికి అనుమానమొస్తే, వీస్‌బాడెన్‌లోని జర్మన్ భాషా సంఘమో, లైప్‌జిగ్ విశ్వవిద్యాలయ పేర్ల సలహా కేంద్రమో పరిశీలించి పత్రం ఇస్తాయి.

మన తాతల పేర్లకు పత్రాల అవసరం లేదు. కుర్మయ్య వెనక కురుమూర్తి స్వామి, యాదయ్య వెనక యాదగిరిగుట్ట, నల్లగొండ వైపు సైదులు వెనక జాన్‌పహాడ్ దర్గా ఉన్నాయి. బస్సెక్కి వెళ్లి చూసి రావచ్చు. ఊళ్ల పేర్లకైతే ఏడాది కూడా దొరుకుతుంది: పాలమూరు ఆరో నిజాం పేరు మీద మహబూబ్‌నగర్ అయింది 1890లో.

మనవళ్ల పేర్లకే సాక్ష్యం కరువు. రియాన్ష్‌లో ‘అంశ’ వరకు సంస్కృతమే. ‘రియ’ అన్నది అమరకోశం చెప్పే సూర్యుడి పేర్లలో లేదు. కియారా సంగతి మరీ చిత్రం. ఇటలీ పేరు నుంచి వచ్చిందంటే వెలుగు, ఐర్లండ్ పేరు నుంచి వచ్చిందంటే నలుపు. వినడానికి ఒకేలా ఉన్నంత మాత్రాన చుట్టరికం కుదరదు.

కొత్తగా కట్టిన పేరు పెట్టుకోవడం తప్పేమీ కాదు. వెనెస్సా మూడొందల ఏళ్లుగా నిలిచింది. లేని వేదమూలం అంటగట్టడమే తప్పు.

తొందరపడాల్సిన పనీ లేదు. 1969 నాటి జనన మరణాల నమోదు చట్టం ప్రకారం ముందు పేరు లేకుండానే పుట్టుక నమోదు చేయించవచ్చు. ఏడాదిలోపు పేరు చేర్పిస్తే రుసుము ఉండదు. 2023 అక్టోబరు 1 నుంచి పుట్టిన పిల్లలకు బడికైనా పాస్‌పోర్టుకైనా ఆ జనన పత్రమే ఆధారం కాబట్టి, రాయించే ముందే చూసుకోవాలి. అమరకోశం, సూర్యరాయాంధ్ర నిఘంటువు, 1899 నాటి మోనియర్ విలియమ్స్ సంస్కృత నిఘంటువు ఇప్పుడు ఫోన్‌లోనే దొరుకుతాయి. వాటిలో కనబడితే ఆ అర్థం చెప్పుకోండి. కనబడకపోతే, నచ్చి పెట్టుకున్నామని పిల్లలకు నిజం చెప్పండి.