నోరున్నవాడిదే నటనా?

“డైలాగు లేని యాక్టింగు కూడా ఒక యాక్టింగేనా? మూకీలో ఎవడైనా చేస్తాడు. కళ్ళు గిరగిరా తిప్పితే సరిపోయె!”

మొన్న కయత్తారులో టీ తాగుతూ ఒక పెద్దమనిషి సెలవిచ్చిన మాట ఇది. చదువుకున్నవాడు, ఇంట్లో మాలాగే తెలుగు మాట్లాడేవాడు. చుట్టూ ఉన్న నలుగురూ తలూపారు. నాకు ఒళ్ళు మండింది.

ఆ మాట అక్కడ పుట్టడంలో వింతేమీ లేదు లెండి. 1799 అక్టోబరు 16న తెల్లదొర బానర్‌మన్ పాలెగాడు కట్టబొమ్మనను ఉరితీయించింది కయత్తారులోనే. కానీ మా వైపు ఎవరిని కదిపినా కట్టబొమ్మన అంటే 1959 నాటి సినిమా, సినిమా అంటే శివాజీ గణేశన్, శివాజీ అంటే జాక్సన్ దొర ముందు పన్నుల మీద విరుచుకుపడే ఆ డైలాగు. అంతే. ఇంట్లో తెలుగు మాట్లాడిన పాలెగాడు అరవ డైలాగుగా మిగిలిపోయాడు. కయత్తారులో విగ్రహం పెట్టించిందీ శివాజీయే. ఆయన మీద నాకు కోపం లేదు, మహానటుడు. కోపమంతా ఆయన గొంతు తప్ప ఇంకేమీ చూడని భక్తుల మీద.

కోవిల్‌పట్టి నుంచి విరుదునగర్ దాకా ఏ బడి వార్షికోత్సవానికైనా వెళ్ళండి. అట్టకిరీటం, కాటుకతో దిద్దిన మీసం, వెండిరంగు కాగితం చుట్టిన కత్తి. పిల్లవాడు ఊపిరి బిగబట్టి డైలాగంతా ఒప్పజెప్తాడు. చప్పట్లు, కప్పు. పక్కన వాళ్ళ నాన్న టోపీ పెట్టుకుని ఇంకో పిల్లవాడు నిలబడి ఉంటాడు. వాడు జాక్సన్ దొర. ఒకసారి నేను వాణ్ణే చూస్తూ కూర్చున్నాను. డైలాగు మొదలైనప్పుడు వాడి చేతులు రెండూ నడుం మీద ఉన్నాయి. సగానికి వచ్చేసరికి ఒక చెయ్యి జారింది. చివరికి టోపీ సర్దుకునే మిషతో చూపు పక్కకు తిప్పేశాడు. అవతలివాడి అరుపుకు బరువొచ్చింది ఆ జారిన చేతివల్లే. వాడికి కప్పు మాట దేవుడెరుగు, బిస్కెట్ పొట్లం కూడా ఇవ్వలేదు. సినిమాలో జాక్సన్ వేషం కట్టినవాడి పేరేమిటని టీ కొట్టు దగ్గర ఆ పెద్దమనిషిని అడిగాను. తెలీదట. సి.ఆర్. పార్తిబన్ అండీ, ఆయన పేరు.

సరే, మూకీ దగ్గరికే వద్దాం. నాకు ఎప్పుడూ గుర్తొచ్చేది అక్కినేని లక్ష్మీవరప్రసాదరావు. ఎల్.వి. ప్రసాద్ అంటే అందరికీ తెలుస్తుంది. 1908లో ఏలూరు దగ్గర సోమవరప్పాడులో పుట్టాడు. ఇంట్లో చెప్పకుండా వంద రూపాయలు జేబులో వేసుకుని బొంబాయి రైలెక్కాడు. వీనస్ ఫిల్మ్ కంపెనీలో పైపనులు చేసే కుర్రాడిగా చేరాడు, ‘స్టార్ ఆఫ్ ది ఈస్ట్’ అనే మూకీలో చిన్న వేషం దొరికింది. హీరో కాదు, విలను కాదు. జనం పేరు అడగని వేషాలు వేసేవాడు. 1931లో వచ్చిన తొలి హిందీ టాకీ ‘ఆలమ్ ఆరా’లో ఉన్నాడు, అదే ఏడు వచ్చిన ‘కాళిదాస్’లో ఉన్నాడు, 1932 నాటి ‘భక్త ప్రహ్లాద’లో మొద్దబ్బాయిగా ఉన్నాడు. హిందీ, తమిళం, తెలుగు, మూడు భాషల తొలి టాకీల్లోనూ కనిపించిన మనిషి!

మాటే నటన అనేవాళ్ళు ఆ ‘కాళిదాస్’ సంగతి ఒక్కసారి వినాలి. కథానాయిక టి.పి. రాజలక్ష్మి తమిళంలో మాట్లాడింది. నాయకుడు పి.జి. వెంకటేశన్ తెలుగులో మాట్లాడాడు. మన ప్రసాద్ హిందీలో. ఒకరి మాటకు ఇంకొకరు వేరే భాషలో జవాబు చెప్తుంటే జనం విరగబడి చూశారు. మరి వాళ్ళు దేన్ని పట్టుకుని కథ అర్థం చేసుకున్నారు? డైలాగునా? ఇంట్లో ఒక భాష, బజారులో ఒక భాష మాట్లాడే కోవిల్‌పట్టి వాళ్ళకు ఇది నేను విడమరిచి చెప్పాలా? పక్కనే ఇడైసెవల్‌లో ఇంట్లో తెలుగు మాట్లాడుకుంటూ తమిళంలో రాసిన కి. రాజనారాయణన్‌కు సాహిత్య అకాడమీ బహుమతి వచ్చింది. మనిషి నోటి మాట ఒక్కటే మనిషి కాదని మా ఊళ్ళకు తెలిసినంతగా ఇంకెవరికి తెలుసు? అయినా తలూపుతారు!

ఇప్పుడు అసలు దెబ్బ. శివాజీ గొంతు ఉరిమిన సినిమాల్లో ‘మనోహర’ ఒకటి. 1954. కరుణానిధి మాటలు, సంకెళ్ళలో శివాజీ, ఎదురుగా తెలుగింటి కన్నాంబ. ఇప్పటికీ ఆ డైలాగులు కంఠతా పట్టినవాళ్ళున్నారు. దాని దర్శకుడెవరు? మూకీల్లో పేరులేని వేషాలు వేసిన ఆ సోమవరప్పాడు మనిషే. సెట్ మీద ప్రతి పాత్రనూ తానే నటించి చూపించి చేయించేవాడని పేరు. ఆ విద్య ఆయనకు డైలాగు కాగితం నేర్పిందా?

ఆ మరుసటి ఏడు ‘మిస్సమ్మ’ తీశాడు, తెలుగులోనూ తమిళంలోనూ. తెలుగులో రామారావు, తమిళంలో జెమినీ గణేశన్. రెండింట్లోనూ సావిత్రే. మా ఇంట్లో రెండూ చూశాం. ఒకసారి టీవీ గొంతు నొక్కేసి చూడండి. ఉత్తుత్తి మొగుడి మీద ఆమెకు చిర్రెత్తుకొచ్చినప్పుడు ముందు కదిలేది మెడ, తర్వాత కళ్ళు, పెదవి ఆఖరున. మాట మారినా ఆ వరస మారదు. కొత్త పంచ్ డైలాగు సినిమాలను అలా చూడమని మాత్రం చెప్పను. అందులో గొంతు తీసేస్తే మిగిలేది కళ్ళజోడు గాల్లోకి ఎగరేయడమే.

“గొంతు బాగాలేకే మూకీ వాళ్ళు మాయమయ్యారు” అంటారు. ఎవరు మాయమయ్యారు? మూకీల్లో వేషాలు కట్టిన నెల్లూరి వై.వి. రావు 1937లో ‘చింతామణి’ తీసి అరవదేశాన్ని ఊపేశాడు. పుదుక్కోట్టై నుంచి బొంబాయికి వెళ్ళి మూకీ హీరో అయిన రాజా శాండో తిరిగొచ్చి ‘మేనక’ తీశాడు. కొందరికి వేషాలు పోయిన మాట నిజమే. పద్యం పాడగల నాటకాలవాళ్ళు కావాల్సొచ్చారు కాబట్టి పోయాయి. దానికీ నటనకూ ఏమిటి సంబంధం?

ఇంకో ముచ్చట. ఈ దేశంలో వెయ్యికి పైగా మూకీలు తీస్తే పూర్తిగా మిగిలినవి వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. మద్రాసులో తీసినవైతే దాదాపు అన్నీ పోయాయి. మా పెద్దమనిషి చూడని నటన మీద తీర్పు చెప్తున్నాడన్నమాట. వంట తినకుండానే ఉప్పు తక్కువైందనే అల్లుడిలా.

ఎల్.వి. ప్రసాద్ 73వ ఏట మళ్ళీ ముఖానికి రంగు వేసుకున్నాడు. 1981లో కమల్‌హాసన్ ‘రాజ పార్వై’లో, మన ‘అమావాస్య చంద్రుడు’లో, ప్రేమికుల పక్షాన నిలబడే తాతయ్య ఆయనే. స్టూడియో ఉంది, పేరుంది, ఆ మరుసటి ఏటి ఫాల్కే అవార్డు రాబోతోంది. ఆ వయసులో అంత తేలిగ్గా కెమెరా ముందు ఒదిగిపోయాడంటే అది ఏ బడిలో నేర్చిన పాఠం?

మరి ఏం చెయ్యమంటావు అంటారా? వచ్చే అక్టోబరు 16కి పిల్లల పోటీలో రెండో కప్పు ఒకటి పెట్టండి, విన్నవాడికి. జాక్సన్ వేషగాడికి. డబ్బు ఎవరిస్తారు, మార్కులెలా వేస్తారు, నాకు తెలీదు, కూర్చుని ఆలోచిద్దాం. డైలాగు కంఠతా వచ్చినవాణ్ణి మాత్రం జడ్జీగా కూర్చోబెట్టకండి.