మెదడు వాపుకు... ఓ తియ్యటి మందు!

ఉప్పు, పసుపు పట్టించి జాడీలో పెట్టిన మామిడి ముక్కలు మర్నాటికల్లా ఏమవుతాయో తెలియని ఇల్లు ఉండదు. ముక్క ముడుచుకుంటుంది, అడుగున ఊట చేరుతుంది. ఎవరూ పిండలేదు, పొయ్యి మీద పెట్టలేదు. ముక్కలో ఉన్న నీటిని బయటి ఉప్పు లాక్కుంది... అంతే! తలకు దెబ్బ తగిలి మెదడు వాచిన మనిషికి ఆస్పత్రిలో హడావుడిగా ఎక్కించే మానిటాల్ అనే మందు చేసే పని కూడా ఇదే. అక్కడ ఉప్పు, ఇక్కడ పంచదారకు చుట్టం లాంటి పదార్థం. తేడా అదొక్కటే.

హాలియా, మిర్యాలగూడ, కోదాడ, సూర్యాపేట ప్రాంతాల్లో ఈ పేరు చాలా కుటుంబాల చెవిన పడే ఉంటుంది. కారణం... రోడ్లు. హైదరాబాద్-విజయవాడ 65వ నంబరు జాతీయ రహదారి సూర్యాపేట, కోదాడ మీదుగానే పోతుంది. సాగర్ ఎడమ కాలువ కింద వరి కోతలు మొదలయ్యాయంటే మిర్యాలగూడ రైస్ మిల్లుల వైపు ధాన్యం ట్రాక్టర్లు వరస కడతాయి. వెనక లైటు లేని ట్రాలీ, ఎదురుగా హెల్మెట్ లేని బైకు, మధ్యలో చీకటి. ఆ తర్వాత ఆస్పత్రి వరండాలో వినిపించే మాట ఒకటే: ‘తలకు దెబ్బ తగిలింది. మానిటాల్ ఎక్కించాం. వెంటనే పెద్దాస్పత్రికి తీసుకెళ్లండి.’

ఇంతకీ ఆ బాటిల్ ఏం చేస్తుంది?

ముందు పుర్రె సంగతి చూడాలి. కాలు బెణికితే వాస్తుంది. చర్మం సాగుతుంది కాబట్టి వాపు బయటికి వస్తుంది. పుర్రె అలా సాగదు, అదొక మూత బిగించిన డబ్బా. పెద్దవాళ్లలో అందులో ఉండే చోటు సుమారు 1400 నుంచి 1500 మిల్లీలీటర్లు. దాంట్లో నూటికి 80 వంతులు మెదడే. మిగిలింది రక్తం, మెదడు చుట్టూ ఉండే నీరు. ఈ మూడింటిలో ఏది పెరిగినా మరొకటి తగ్గి చోటివ్వాల్సిందేనని స్కాట్లాండ్ వైద్యులు అలెగ్జాండర్ మన్రో 1783లో, జార్జ్ కెల్లీ 1824లో చెప్పారు. ఇప్పటికీ వైద్య విద్యార్థులు చదివేది ఆ సూత్రమే. మామూలుగా పుర్రె లోపలి ఒత్తిడి 15 మిల్లీమీటర్లు దాటదు. 20 దాటి పైకి పోతోందంటే ప్రమాదం. మెదడుకు రక్తం అందడం తగ్గుతుంది. ఇంకా పెరిగితే మెదడు కిందికి జారి, ఊపిరి తీసుకోవడాన్ని నడిపించే భాగాన్నే నొక్కేస్తుంది. ఒక కనుపాప పెద్దదై లైటు వేసినా కదలకపోవడం దానికి గుర్తు.

ఇక్కడే మానిటాల్ అక్కరకొస్తుంది. దీన్ని షుగర్ ఆల్కహాల్ అంటారు. పేరులో ఆల్కహాల్ ఉంది కదా అని కంగారుపడనక్కర్లేదు, మత్తు ఎక్కదు. షుగర్ ఉందని మధుమేహులు భయపడాల్సిన పనీ లేదు. నరంలోకి ఎక్కించిన మానిటాల్‌ను శరీరం దాదాపు ఖర్చు చేసుకోదు. వచ్చింది వచ్చినట్టే మూత్రంలో పోతుంది. ఎక్కువగా వాడే 20 శాతం ద్రావణంలో 100 మిల్లీలీటర్లకు 20 గ్రాముల మందు ఉంటుంది. నీటిని లాగే శక్తి రక్తానికి ఎంత ఉందో, దీనికి అంతకు మూడున్నర రెట్లకు పైగా ఉంటుంది. మెదడులోని రక్తనాళాల గోడలు మిగతా శరీరంలోని వాటిలా కావు, గట్టి కాపలా ఉంటుంది. నీటిని పోనిస్తాయి, మానిటాల్‌ను పోనివ్వవు. కాబట్టి మందు రక్తంలోనే ఉండిపోయి, వాచిన మెదడులోంచి నీటిని తనవైపు లాక్కుంటుంది. మామిడి ముక్క ముడుచుకున్నట్టే మెదడు కాస్త తగ్గుతుంది.

అలా వచ్చిన నీరు ఎక్కడికి పోవాలి? కిడ్నీల దగ్గరికి. కిడ్నీ వడపోతలోంచి మానిటాల్ తేలిగ్గా బయటికొస్తుంది. దాన్ని మళ్లీ వెనక్కి పీల్చుకునే ఏర్పాటు మాత్రం కిడ్నీకి లేదు. అది పోతూ పోతూ నీటినీ వెంట తీసుకుపోతుంది. లాసిక్స్ లాంటి మందులు కిడ్నీ గొట్టాల్లో ఉప్పును వెనక్కి లాగే పంపుల్ని ఆపి మూత్రం పోయిస్తాయి. మానిటాల్ ఏ పంపు జోలికీ పోదు. అక్కడ ఉండటమే దాని పని! పావుగంట, అరగంటలో ప్రభావం మొదలవుతుంది. కొన్ని గంటలే ఉంటుంది. పేషెంటుకు మూత్రం గొట్టం వేసి, సంచిలో ఎంత చేరిందో నర్సు గంట గంటకూ రాసుకునేది అందుకే. ‘ఇంత మూత్రం పోతోందేమిటి’ అని ఇంటివాళ్లు బెంబేలెత్తుతారు గానీ, పోకపోతేనే డాక్టర్లకు బెంగ.

ఈ మందు పుట్టుక ఇంకో వింత. ఇటలీలోని సిసిలీ దీవిలో ఒక రకం చెట్టు బెరడుకు గాటు పెడితే తియ్యటి జిగురు కారి గడ్డకడుతుంది. బైబిల్లో ఆకాశం నుంచి కురిసినట్టు చెప్పిన ఆహారం పేరు మీద దాన్ని ‘మన్నా’ అన్నారు. విరేచనం కావడానికి వాడేవారు. ఫ్రాన్స్‌కు చెందిన జోసెఫ్ లూయీ ప్రూస్ట్ 1806లో ఆ జిగురు నుంచి ఈ పదార్థాన్ని విడదీశాడు. మానిటాల్ అన్న పేరు అలా వచ్చిందే. పుట్టగొడుగుల్లో, సముద్రపు నాచులో కూడా ఇది ఉంటుంది. మెదడు ఒత్తిడికి వాడటం మాత్రం 1960ల మొదట్లోనే ఊపందుకుంది. అంతకు ముందు యూరియాను ఎక్కించేవారు. నోటితో తాగిస్తే సరిపోదా అంటే... పేగులు దీన్ని సరిగ్గా పీల్చుకోవు. తలలో నీరు లాగాల్సింది పోయి కడుపులో నీరు లాగి విరేచనాలు పట్టుకుంటాయి. షుగర్ ఫ్రీ చాక్లెట్లు, చూయింగ్ గమ్‌లు అతిగా తిన్న పిల్లలకు కడుపు కదలడం వెనక ఇలాంటి చుట్టాలే ఉంటారు.

ఇంత మంచి మందు అయితే తలలో ఏ తేడా వచ్చినా ఎక్కించేయొచ్చా? అక్కడే ఆగాలి. ‘ఇంకో బాటిల్ పెట్టండి సార్’ అని బతిమాలే బంధువులు ప్రతి ఆస్పత్రిలో కనిపిస్తారు. నరం చిట్లి మెదడులో రక్తం గడ్డకట్టిన 128 మంది పక్షవాతం పేషెంట్ల మీద లక్నోలోని సంజయ్ గాంధీ పీజీ ఇన్‌స్టిట్యూట్ వైద్యులు 2005లో ఒక అధ్యయనం ప్రచురించారు. మానిటాల్ ఇచ్చినవాళ్లకూ, ఇవ్వనివాళ్లకూ ఫలితంలో చెప్పుకోదగ్గ తేడా కనిపించలేదు. కాబట్టి పక్షవాతం రాగానే అందరికీ ఇచ్చే మందు కాదిది. తలలో ఒత్తిడి పెరుగుతున్న లక్షణాలు ఉన్నప్పుడు ఇచ్చేది. పైగా దెబ్బతిన్న చోట రక్తనాళాల కాపలా సడలి ఉంటుంది. పదే పదే ఎక్కిస్తే మానిటాల్ కొంచెం కొంచెంగా మెదడులోకే చొరబడి, నీటిని ఎదురు లాగుతుంది. తగ్గిన వాపు తిరగబడుతుంది.

కిడ్నీలు చెడి మూత్రం రానివాళ్లకు ఇది ఇవ్వరు. మందు బయటికి పోయే దారే ఉండదు. గుండె బలహీనంగా ఉన్నవాళ్లకూ ఇబ్బందే. కణాల్లోని నీరంతా మొదట రక్తంలోకే వస్తుంది కాబట్టి గుండెకు బరువు పెరిగి ఊపిరితిత్తుల్లో నీరు చేరుతుంది. బాగా రక్తం పోయి బీపీ పడిపోయినప్పుడు ఉన్న నీటినీ మూత్రంలో పోగొడితే బీపీ మరింత పడుతుంది. అలాంటి వారికి 3 శాతం ఉప్పు ద్రావణం వైపు డాక్టర్లు మొగ్గుతారు. ఎంత ఇవ్వాలన్నదీ బరువును బట్టే... కిలోకు పావు గ్రాము నుంచి ఒక గ్రాము దాకా. 60 కిలోల మనిషికైతే 15 నుంచి 60 గ్రాములు. సోడియం, పొటాషియం పరీక్షలు మళ్లీ మళ్లీ చేయించమంటే అది బిల్లు పెంచడానికేనని అనుమానించకూడదు. ఈ మందుతో అవి నిజంగానే అటూ ఇటూ అవుతాయి.

చలికాలంలో ఇంకో విషయం. బాటిల్ అడుగున పటికబెల్లం పలుకుల్లాంటివి కనిపిస్తే కల్తీ మందని గొడవపడతారు కొందరు. కల్తీ కాదు. 20 శాతం ద్రావణంలో మందు నీరు మోయగలిగినదానికంటే కాస్త ఎక్కువే ఉంటుంది. చలి తగిలితే గడ్డకట్టడం దాని స్వభావం. సిబ్బంది వేడి నీటిలో ఉంచి, కుదిపి, పలుకులన్నీ కరిగాక, ఒంటి వేడికి చల్లారనిచ్చి వడపోత ఉన్న గొట్టంతో ఎక్కిస్తారు. పలుకులతోనే ఎక్కిస్తుంటే మాత్రం అడ్డుకోవాల్సిందే.

కంటికీ ఇది పనికొస్తుంది. ఉన్నట్టుండి ఒక కన్ను ఎర్రబారి, భరించలేని తలనొప్పి, వాంతులు, దీపం చుట్టూ రంగుల వలయాలు... ఇది తీవ్రమైన గ్లకోమా కావచ్చు. పార్శ్వపు నొప్పి అనుకుని మాత్ర మింగి పడుకుంటే చూపు పోతుంది. వేరే మందులకు లొంగకపోతే కంట్లో ఒత్తిడి దించేందుకు మానిటాల్ ఎక్కిస్తారు.

మళ్లీ తల దెబ్బ దగ్గరికి వస్తే... అన్నింటికన్నా మోసం చేసేది మధ్యలో వచ్చే తేరుకోలు. బండి మీంచి పడ్డ మనిషి లేచి కూర్చుంటాడు, టీ తాగుతాడు, ‘నాకేం కాలేదు’ అంటాడు. లోపల పుర్రెకూ మెదడు పొరకూ మధ్య రక్తం మెల్లగా చేరుతూ ఉంటుంది. రాత్రికి మగతగా పడి ఉంటే నిద్రనుకుంటారు. వాంతులు, పెరుగుతున్న తలనొప్పి, మాట తడబడటం, ఒక చేయీ కాలూ బలహీనపడటం, లేపినా సరిగ్గా లేవకపోవడం... వీటిలో ఏది కనిపించినా తెల్లారేదాకా ఆగకూడదు. నోట్లో నీళ్లు పోయకూడదు. ఇద్దరి మధ్య బైకు మీద కూర్చోబెట్టి తీసుకెళ్లకూడదు, మెడ ఎముక కూడా విరిగి ఉండొచ్చు. 2005 నుంచీ ఉన్న 108కు ఫోన్ చేయాలి. రోడ్డు మీద పడినవాళ్లను ఆదుకుంటే కేసులు చుట్టుకుంటాయన్న భయం అక్కర్లేదు, 2019లో సవరించిన మోటారు వాహనాల చట్టం సాయం చేసినవాళ్లకు రక్షణ ఇచ్చింది.

మానిటాల్ ఆ రక్తపు గడ్డను కరిగించదు. గడ్డను తీసేది ఆపరేషనే. మందు ఇచ్చేది కొన్ని గంటల వ్యవధి మాత్రమే. హాలియా నుంచి మల్లేపల్లి మీదుగా హైదరాబాద్ చేరడానికే అందులో పెద్ద భాగం పోతుంది. ‘మందు ఎక్కింది, కాస్త తేరుకున్నాడు, పొద్దున పోదాం’ అనుకుంటే ఆ వ్యవధి వృథా. బయల్దేరే ముందు సీటీ స్కాన్, న్యూరోసర్జన్ ఉన్న ఆస్పత్రి ఏదో ఫోన్‌లో కనుక్కోవడం మంచిది. మానిటాల్ ఎంత ఎక్కించారు, ఎన్ని గంటలకు మొదలుపెట్టారు, అప్పటికి స్పృహ ఎలా ఉంది, బీపీ ఎంత అన్న వివరాలు మొదటి ఆస్పత్రి చీటీలో రాయించుకోవాలి. పేషెంటుకు కిడ్నీ, గుండె జబ్బులుంటే అవి కూడా. చీటీ ఎక్కడైనా పడిపోతుందనుకుంటే అంబులెన్స్ ఎక్కేముందే ఫోన్‌లో ఒక ఫొటో తీసి పెట్టుకున్నా సరిపోతుంది.