కుండ పగలగొట్టి సీసా అమ్మే సర్కారు

నల్లమలలో ఇప్పపువ్వు నానేసిన కుండ దొరికితే కేసు. అదే ఊరి కిరాణా కొట్టులో ఉప్పు పాకెట్ల వెనక క్వార్టర్ సీసాలు వరసగా పెట్టి ఉన్నా ఎవరి కంటా పడవు. బెల్టుషాపు కూడా చట్టప్రకారం నేరమే గదా అని ఎవరైనా అనొచ్చు. నిజమే. కానీ ఆ సీసా సర్కారు డిపోలో బయలుదేరి, లైసెన్సు దుకాణం మీదుగా, మోటర్ సైకిల్ సంచిలో మన పెంటదాకా వచ్చింది. దాని మీద పన్ను అప్పటికే ఖజానాలో పడింది. మన కుండ మీద ఎవరికీ పైసా రాదు. తేడా అంతా అక్కడుంది. ఆరోగ్యం దగ్గర లేదు, నీతి దగ్గర అసలే లేదు.

ఈ మాట గట్టిగా చెప్పాల్సినవాళ్లు చదువుకున్న మనవాళ్లే. కానీ సారా పేరెత్తగానే మన పోరగాళ్లు తల దించుకుంటారు. హాస్టల్‌లో పక్క పిల్లలు "మీవాళ్లు తాగుబోతులంట గదా" అంటే జవాబు దొరకదు. జవాబు ఉంది. దానికి ముందు పువ్వు సంగతి తెలవాలి.

ఇప్పచెట్టు ఆకంతా రాల్చుకొని ఎండలు ముదిరే వేళ పూస్తుంది. పువ్వు రాత్రిపూట విచ్చుకొని తెల్లవారుజామున రాలుతుంది. మన ఆడవాళ్లు చీకటితోనే గంపలు పట్టుకొని పోతారు, ఒంటరిగా మాత్రం పోరు. ఎలుగుబంటికి కూడా ఆ పువ్వంటే ప్రాణం. తెచ్చిన పువ్వును ఎండబోస్తే ఎండుద్రాక్షలా ముడుచుకుపోతుంది. ఎండిన పువ్వు బరువులో సగానికి పైగా చక్కెరే. అందుకే గింజలు లేని రోజుల్లో మన ముసలోళ్లు దాన్ని ఉడకబెట్టుకొని తిని బతికారు. కాయలో ఉండే పలుకుల నుంచి నూనె వస్తుంది, వంటకూ పనికొస్తుంది, దీపానికీ పనికొస్తుంది. ఉట్నూరు వైపు గోండు, కొలాం అక్కలు ఇదే పువ్వుతో లడ్డూలు చేసి అమ్ముతున్నారు. అంటే మొదట ఇది తిండి. సారా ఆ తర్వాతి సంగతి.

సారా కూడా రోజూ కాసేది కాదు. ఎండిన పువ్వును కుండలో నానేస్తే కొన్ని రోజులకు పులుస్తుంది. పులిసినదాన్ని పొయ్యి మీద పెట్టి, పైన ఇంకో పాత్ర బోర్లించి, ఆ పైన చల్లటి నీళ్లు మారుస్తూ ఉంటే ఆవిరి చుక్కలుగా దిగుతుంది. నీళ్లు వేడెక్కినప్పుడల్లా మార్చాలి, మంట పెద్దది కాకూడదు. కనిపెట్టుకొని కూర్చోవాలి, ఒక్కరితో అయ్యే పని కాదు. గంపెడు పువ్వుకు వచ్చేది తక్కువ. పెండ్లికో, గారెల మైసమ్మకు పెట్టేటప్పుడో, పోయినవాళ్ల దినాలకో ఆ కొంచెం చాలు. మొదట దేవునికి, తర్వాత పెద్దలకు, తర్వాత అందరికీ ఆకు దొప్పలో వంతు. పువ్వు అయిపోతే సారా కూడా అయిపోయినట్టే. చెట్టే మనకు హద్దు పెట్టింది. ఏ ఎక్సైజు అధికారి కూడా అంత గట్టి హద్దు పెట్టలేదు.

దీన్ని గుడుంబాతో కలిపి ఒకే కేసు రాసేవాళ్లతోనే మన తగాదా. గుడుంబా నల్లబెల్లం సరుకు. అందులో పటిక వేస్తారు, నవాసాగరం వేస్తారు, ఇంకా ఏం వేస్తారో కాచినోడికే తెలుసు. బెల్లం బస్తాలు అడవిలో పండవు, పట్నం వ్యాపారి దగ్గర నుంచి వస్తాయి. ఏడాది పొడుగునా కాయొచ్చు, ఎంతైనా కాయొచ్చు. అది పండుగ కోసం కాదు, అమ్మకం కోసం. మన పెంటల్లో, దేవరకొండ వైపు తండాల్లో కూడా గుడుంబాతో పేగులు కాలిపోయినవాళ్లు ఉన్నారు. దాన్ని "మా సంస్కృతి" అని వెనకేసుకొచ్చే మనవాళ్లకు మేము మద్దతు ఇవ్వం. పువ్వు పేరు చెప్పి బెల్లం సారా అమ్ముకునేవాడు మనోడైనా సరే, పువ్వుకు ద్రోహం చేస్తున్నాడు. కల్లు సంగతి అంతకంటే ఘోరం. ఈత చెట్టు, తాటిచెట్టు ఇచ్చే కల్లు వేరు, పాలమూరు జిల్లాలో దుకాణాల్లో పోసేది వేరు. క్లోరల్ హైడ్రేట్, డైజీపాం, అల్ప్రాజోలం కలిపిన కల్లుకు జనం ఎంతగా అలవాటు పడ్డారంటే, 2015లో దాడులు చేసి ఆ కల్లు ఆపినప్పుడు మనుషులు వణుకుతూ, పిచ్చిగా అరుస్తూ ఆసుపత్రులకు వచ్చారు. 2025 జులైలో హైదరాబాదు కూకట్‌పల్లిలో కల్తీ కల్లు తాగి మనుషులు చనిపోయారు. అమ్మకం దూరినచోట చెట్టు సరుకు కూడా విషమైంది.

మన కుండ ఎప్పటి నుంచి నేరమైందో పిల్లలకు చెప్పండి. 1892లో బొంబాయి ప్రెసిడెన్సీలో తెల్లదొరలు ఇప్పపువ్వు మీదనే ఒక చట్టం చేశారు. పువ్వు ఏరుకోవడం, దగ్గర ఉంచుకోవడం మీదనే కట్టడి. ఎందుకంటే పువ్వు ఇంట్లో ఉంటే జనం సర్కారు సారా కొనరు. మన దగ్గర నిజాం సర్కారుకు కూడా అబ్కారీ పెద్ద రాబడి. అప్పటి డిస్టిలరీల్లో నాటుసారా తీసింది దేనితో అనుకున్నారు? ఇదే ఇప్పపువ్వుతో. గుత్తేదారు బట్టీలో ఉడికితే అది ఆదాయం, మన పొయ్యి మీద ఉడికితే అది దొంగసారా. 1940 ప్రాంతంలో అమ్రాబాద్ పీఠభూమిలో మన పెంటలు తిరిగిన హైమెన్‌డార్ఫ్ 1943లో చెంచుల మీద పుస్తకం అచ్చు వేశాడు. అందులో ఇప్పపువ్వు మన బతుకులో భాగంగానే కనిపిస్తుంది. పరాయి దేశస్థుడికి అర్థమైన విషయం మన పక్క ఊరి అధికారికి ఇంకా అర్థం కాలేదు.

స్వతంత్రం వచ్చాక ఒకసారి మాత్రం ఢిల్లీ సరిగ్గా ఆలోచించింది. 1975లో గిరిజన ప్రాంతాల ఎక్సైజు విధానం మీద కేంద్రం రాష్ట్రాలకు మార్గదర్శకాలు పంపింది. ఆదివాసీ ప్రాంతాల్లో సారా వ్యాపారం ఆపండి, వాళ్ల ఇంటి వాడుకకు, ఆచారాలకు సంప్రదాయ పానీయం చేసుకోనివ్వండి అన్నది దాని సారాంశం. యాభై ఏండ్లు దాటింది. జరిగింది సరిగ్గా తలకిందులు. వ్యాపారం పెంట గుమ్మం దాకా వచ్చింది, ఇంటి కుండ పొదల్లోకి పోయింది.

ఇంకో విచిత్రం చూడండి. 2021లో తెలంగాణ సర్కారు మద్యం దుకాణాల్లో గౌడులకు 15 శాతం, ఎస్సీలకు 10 శాతం, ఎస్టీలకు 5 శాతం రిజర్వేషన్ ఇచ్చింది. 2023లో 2,620 దుకాణాలకు దరఖాస్తులు పిలిస్తే లక్షా ముప్పై వేలకు పైగా వచ్చాయి. అప్పుడు ఒక్కో దరఖాస్తుకు 2 లక్షల రూపాయలు, దుకాణం రాకపోయినా తిరిగి ఇవ్వలేదు. దరఖాస్తుల మీదనే 2,639 కోట్లు వచ్చాయి. ఒక్క సీసా అమ్మకముందే! పెంటలో ఏ చెంచు తమ్ముని దగ్గర అంత డబ్బుంది, చీటీలో పేరు వేసుకోవడానికి? పేరు మనది, పెట్టుబడి ఇంకొకరిది, లాభం వాళ్లది, తాగి పడిపోయేది మళ్లీ మనమే. పరాయి సీసా అమ్ముకోవడానికి కోటా ఇచ్చిన సర్కారు, మన పువ్వు మనం కాచుకుంటే జైలు అంటున్నది. దీన్ని సాధికారత అని పేరు పెట్టి పిలిచేవాళ్లను చూస్తే నవ్వాలో ఏడ్వాలో తెలవదు.

ఇక అసలైన ఎదురు మాట మన అక్కచెల్లెళ్ల నుంచి వస్తుంది. మగవాళ్లకు సాకు దొరికితే చాలు, పండుగ పేరుతో పది రోజులు తాగుతారు, దెబ్బలు తినేది మేము అంటారు. ఈ మాటను దాటవేసే హక్కు ఎవరికీ లేదు. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంటలో రోశమ్మ, ఇంకెందరో ఆడవాళ్లు లేచింది అందుకే. కానీ వాళ్లు ఎవరి మీద లేచారో కూడా చూడాలి. సర్కారే వారుణి వాహిని పేరుతో పాకెట్లలో పంపిన సారా మీద, ఊరూరా దాన్ని అమ్మించిన కాంట్రాక్టర్ల మీద. ఆ పోరాటం వల్ల 1993 అక్టోబర్ 1న సారా నిషేధం వచ్చింది, 1995లో సంపూర్ణ మద్యనిషేధం వచ్చింది. 1997లో మద్యనిషేధం ఎత్తేశారు. సారా మీద నిషేధం మాత్రం అట్లనే ఉంచారు. అంటే పేదోడి సారా పోయింది, కంపెనీ సీసా తిరిగొచ్చింది. ఆడవాళ్లు గెలిచిన పోరాటాన్ని సీసా కంపెనీలు ఎత్తుకుపోయాయి. కాబట్టి మన పెంటల్లో ఏది ఉండాలో, ఎంత ఉండాలో మొదటి మాట ఆడవాళ్లదే కావాలి. పువ్వు ఏరేది వాళ్లే. వాళ్లు వద్దంటే వద్దు. ఆ "వద్దు" బెల్టుషాపుకు కూడా వర్తించాలి, మొదట దానికే వర్తించాలి.

బయటి లోకం ఏం చేస్తున్నదో కూడా తెలుసుకోండి. గోవాలో జీడిమామిడి పండ్ల ఫెనీకి 2009లో భౌగోళిక గుర్తింపు వచ్చింది, 2016లో అక్కడి ప్రభుత్వం దాన్ని వారసత్వ పానీయం అన్నది. మధ్యప్రదేశ్ 2022లో ఆదివాసీలు తీసే ఇప్పసారాకు హెరిటేజ్ మద్యం విధానం తెచ్చింది. హంగేరీలో 2010లో తోట రైతు తన ఆపిల్, ప్లమ్ పండ్లతో ఇంట్లోనే ఏడాదికి 50 లీటర్ల దాకా సారా కాచుకోవచ్చన్నారు. పన్ను మినహాయింపు మీద యూరప్ కోర్టులో గొడవ అయింది గానీ, ఆ రైతును దొంగ అని ఎవరూ అనలేదు. ఆపిల్‌లో దాల్చినచెక్క, లవంగాలు వేసి నానబెట్టిన లిక్కరు పెద్ద హోటళ్లలో రుచి అంటారు, ఇప్పపువ్వు అయితే వాసన అంటారు. మధ్యప్రదేశ్ దారిని కూడా మేము గుడ్డిగా మెచ్చుకోం. పువ్వు పెద్ద బాటిల్ కంపెనీ చేతికి పోతే, రేపు ఏరినోళ్లకు కిలో లెక్కన కూలి, అమ్మినోళ్లకు బ్రాండు. మనకు కావాల్సింది మార్కెట్ కాదు, మన పండుగ జోలికి రాకపోవడం.

దీనికి చట్టం మన చేతిలో ఉంది. 1996 పెసా చట్టం మత్తు పదార్థాల అమ్మకాన్ని, వాడకాన్ని నిషేధించే, నియంత్రించే అధికారం షెడ్యూల్డ్ ప్రాంతాల గ్రామసభకు, పంచాయతీకి ఇచ్చింది. అమ్రాబాద్ పీఠభూమి అయిదో షెడ్యూల్ ప్రాంతం. మన్ననూరు, అప్పాపూర్, సార్లపల్లి, వటవర్లపల్లి వైపు మనవాళ్లు ఆ అధికారాన్ని వాడొచ్చు. నల్లగొండ జిల్లాలో షెడ్యూల్డ్ ప్రాంతం లేదు, కాబట్టి చందంపేట వైపు చెంచు గూడేలకు, లంబాడా తండాలకు పెసా అందదు. ఇది పెద్ద అన్యాయమే, దాని మీద వేరే పోరాడాలి. కానీ 2006 అటవీ హక్కుల చట్టం అక్కడా ఉంది. ఇప్పపువ్వు చిన్న తరహా అటవీ ఉత్పత్తి, ఏరుకొనే, వాడుకొనే, అమ్ముకొనే హక్కు మనది. పువ్వు మూట పట్టుకుపోతుంటే ఆపినవాడిని ఏ సెక్షన్ కింద ఆపుతున్నావని అడగండి. రాతపూర్వకంగా అడగండి.

పంతుళ్లకు ఒక మాట. బడిలో "మద్యం హానికరం" పాఠం చెప్పేటప్పుడు చెంచు పిల్లవాడి వైపు చూడకండి. పాఠం చెప్పండి, తప్పకుండా చెప్పండి, కాలేయం సంగతి చెప్పండి. దానితోపాటు చెట్టు సంగతి కూడా చెప్పండి. పువ్వు ఎప్పుడు రాలుతుంది, మీ అవ్వ దాన్ని ఎట్ల ఎండబెట్టేది అని ఆ పిల్లనే అడగండి. క్లాసులో మిగతావాళ్లకు తెలియనిది ఆ పిల్లకు తెలుసు.

తమ్ముళ్లూ చెల్లెళ్లూ, పువ్వు రాలకముందే, మాఘంలోనే గ్రామసభ పెట్టించండి. తీర్మానంలో ఇవి రాయండి: మా పెంటలో ఏ బెల్టుషాపూ ఉండొద్దు. బెల్లం సారా కాయొద్దు, అమ్మొద్దు. ఇప్పసారా పెండ్లికి, దేవుని కొలుపుకు, దినాలకు మాత్రమే, సభ ఒప్పుకున్నంత వరకే, అమ్మకం లేదు. బడి పిల్లల ముందు తాగితే జరిమానా సభ వేస్తుంది. సంతకాలు, వేలిముద్రలు ముందు ఆడవాళ్లవి. ఒక కాపీ ఎక్సైజు స్టేషన్‌కు, ఒకటి మన్ననూరు ఐటీడీఏకు, ఒకటి కలెక్టరుకు ఇచ్చి, ముట్టినట్టు ముద్ర వేయించుకోండి. ముద్ర వేసిన కాగితం పెంటలో అందరికీ తెలిసిన ఇంట్లో ఉండాలి, సర్పంచ్ బీరువాలో కాదు.