చల్లాలి, దులపాలి, ఎండలో వెయ్యాలి

పత్రికల మహిళా పేజీల్లో ఏదో ఒక మూల ఒక చిన్న డబ్బా ఉంటుంది. నిమ్మచెక్కతో రాగిచెంబు తోమటం, బియ్యానికి పురుగు పట్టకుండా వేపాకు వెయ్యటం లాంటి చిట్కాలుంటాయి అందులో. అప్పుడప్పుడూ వాటి మధ్యలోకి పరుపు మీది మరక గురించి కూడా ఒకటి వస్తుంది. 'ఉచ్చ' అని రాయరు. 'మూత్రం' అనటానికి కూడా మొహమాటమే. 'చిన్నపిల్లలు పక్క తడిపితే' అని మొదలుపెడతారు, పక్క తడిపేది చిన్నపిల్లలు మాత్రమే అయినట్టు. మరక మీద వంటసోడా చల్లాలి. రాత్రంతా అలాగే ఉంచాలి. పొద్దున్నే దులిపి, పరుపుని ఎండలో వెయ్యాలి. అంతే, అయిపోయింది.

సాహిత్యంలో పరిశోధన చేసినదాన్ని కాబట్టి నా కన్ను వాక్యం మీదికి పోతుంది. చల్లాలి, ఉంచాలి, వెయ్యాలి. మూడు క్రియలు, ఒక్క కర్తా లేదు. తెలుగులో ఇలాంటి వాక్యానికి కర్తని చెప్పక్కర్లేదు, సందర్భాన్ని బట్టి తెలిసిపోతుంది. అవును, తెలిసిపోతుంది! ఏ మగవాడూ ఆ డబ్బా చదివి, ఇది నాకు చెప్తున్నారు అనుకోడు. ఏ ఆడదీ ఇది ఇంకెవరికో చెప్తున్నారు అనుకోదు. 'ఆలి' అంటే భార్య అని కూడా నిఘంటువులో అర్థం ఉంది. ఈ క్రియల చివరి 'ఆలి'కీ దానికీ భాషాశాస్త్రపరంగా ఏ సంబంధమూ లేదని నాకు తెలుసు. అయినా ఆ పేజీ చదువుతున్నప్పుడల్లా సంబంధం ఉన్నట్టే అనిపిస్తుంది.

ముందు ఆ చిట్కా సంగతి చూద్దాం. ఎండిపోయిన మరక వంటసోడా ఒక్కదానికి లొంగదు. మూత్రంలో ఎక్కువభాగం నీళ్ళే. మిగిలినదాంట్లో యూరియా ఉంటుంది, కాస్త యూరిక్ ఆమ్లం ఉంటుంది. యూరియాని సూక్ష్మజీవులు అమ్మోనియాగా మారుస్తాయి, ముక్కుపుటాలు అదిరే ఘాటు దానిదే. యూరిక్ ఆమ్లం ఆరి సన్నటి పలుకులై దూదిలోకీ ఫోములోకీ దిగిపోతుంది. అది నీళ్ళలో సరిగ్గా కరగదు. అందుకే సబ్బునీళ్ళతో ఎంత తుడిచినా ఎండాకాలమంతా ఊరుకుని, మొదటి ముసురు పట్టగానే వాసన మళ్ళీ లేస్తుంది. 'నిన్ననే కదా శుభ్రం చేశావు, ఇంకా కంపేంటి' అనే మాట ఎందరు ఆడవాళ్ళు పడి ఉంటారో! అది ఆమె బద్ధకం కాదు, యూరిక్ ఆమ్లం.

ఎండిన మరక పోవాలంటే ముందు వెనిగర్, నీళ్ళు సమానంగా కలిపి మరకంతా తడిపి, గుడ్డతో అద్ది పీల్చాలి. రుద్దితే మరక ఇంకా లోపలికి పోతుంది. వేడినీళ్ళు పొయ్యకూడదు, మరక గట్టిపడుతుంది. వెనిగర్ తడి పూర్తిగా ఆరాక, మూడు శాతం గాఢత ఉన్న హైడ్రోజన్ పెరాక్సైడ్ 250 మిల్లీలీటర్లలో మూడు పెద్ద చెంచాల వంటసోడా, రెండు చుక్కల గిన్నెలు తోమే ద్రవం వేసి, కలిపిన వెంటనే చల్లాలి. మిగిలితే పారబొయ్యాలి. సీసాలో పోసి మూత పెడితే గ్యాసు పుట్టి పేలుతుంది. రంగు బట్టమీద పడితే వెలిసిపోతుంది. బ్లీచింగ్ మాత్రం ఎప్పుడూ వాడకూడదు, అది మూత్రంలోని అమ్మోనియాతో కలిసి ఊపిరితిత్తుల్ని దెబ్బతీసే విషవాయువుని పుట్టిస్తుంది. యూరిక్ ఆమ్లాన్ని విరగ్గొట్టే ఎంజైము ద్రావణాలు కూడా ఉన్నాయి. మన దగ్గర అవి ఎక్కువగా కుక్కల్నీ పిల్లుల్నీ పెంచుకునేవాళ్ళ కోసమని దొరుకుతాయి. కుక్క ఉచ్చ గురించి మార్కెట్ ఆలోచించినంత కూడా మనం మంచంలో ఉన్న మనిషి గురించి ఆలోచించలేదన్నమాట. ఇన్నీ చేశాక లోపలిదాకా ఆరాలి, లేకపోతే బూజు పడుతుంది.

చూశారుగా, నేను కూడా 'ఆలి' లేకుండా రాయలేకపోయాను. భాషే అలా తయారై ఉంది.

ఇది రసాయనశాస్త్రం. చిట్కా కాదు. మన అమ్మమ్మలకి ఈ పేర్లు తెలియకపోయినా ఎండ విలువ తెలుసు. పరుపు మీద ముందు పాత చీరల బొంత వెయ్యాలని, అది రోజూ ఉతకొచ్చని తెలుసు. దూదిపరుపు పాడైతే దూదేకులవాళ్ళు వచ్చి విప్పి, దూది ఏకి, మళ్ళీ కుట్టి ఇచ్చేవాళ్ళు. ఫోము పరుపులొచ్చాక విప్పటం లేదు, ఏకటం లేదు, ఆ బతుకుతెరువూ పోయింది. ఈ జ్ఞానమంతటినీ మగవాళ్ళు సంపాదించి ఉంటే దానికో డిప్లొమా కోర్సు ఉండేది. ఆడవాళ్ళది కాబట్టి 'చిట్కా' అయింది.

చిట్కా దాచిపెట్టేది ఇంకొకటుంది, కాలం. 'రాత్రంతా ఉంచాలి' అంటారు. ఆ రాత్రి ఆ పరుపు మీద పడుకునే మనిషి ఎక్కడ పడుకుంటాడు? ఒకటే గది, ఒకటే మంచం ఉన్న ఇంట్లో? ఎండలో వెయ్యాలి. మూడో అంతస్తు అపార్టుమెంటులో ఎండ ఎక్కడుంది? తడిసిన దూదిపరుపుని ఇద్దరు చెరోపక్క పట్టుకుంటే గానీ మేడ మెట్లెక్కించలేరు. ఆ రెండో మనిషి ఎవరు?

మా నాన్న పక్షవాతం వచ్చాక 26 నెలలు మంచంలో ఉన్నారు. ఆస్పత్రి నుంచి ఇంటికి పంపే రోజున డాక్టరు మందుల గురించి మా అన్నయ్యతో మాట్లాడారు. బిల్లు గురించి కౌంటర్లోవాళ్ళు కూడా అన్నయ్యతోనే మాట్లాడారు. 'పొడిగా ఉంచాలి, రెండు గంటలకోసారి పక్కకి తిప్పాలి, పక్క తడిస్తే వెంటనే మార్చాలి' అన్న మాటలు మాత్రం నర్సు మా అమ్మ వైపు తిరిగి చెప్పింది. వాక్యంలో కర్త లేకపోతేనేం, మొహం ఎటు తిరిగిందో చూస్తే చాలు. అమ్మకప్పుడు 61 ఏళ్ళు. మోకాళ్ళ నొప్పులు. అన్నయ్య గాలిపరుపూ రబ్బరు షీట్లూ కొని పంపించాడు, నెలనెలా డబ్బు పంపించాడు. చుట్టాలందరూ 'కొడుకంటే వాడిలా ఉండాలి' అన్నారు. ఈ వాక్యానికి మాత్రం కర్త ఉంది, గమనించండి.

ఆ 26 నెలల్లో జరిగిన ఒక సంగతి నన్ను ఇప్పటికీ వదల్లేదు. నాన్న సాయంత్రం నాలుగు దాటాక నీళ్ళు తాగటం మానేశారు. మాట సరిగ్గా రాదు కాబట్టి ఎందుకో చెప్పలేదు, గ్లాసు తెస్తే మొహం తిప్పేసుకునేవారు. రాత్రి పక్క తడిస్తే అమ్మ లేవాలి కదా, అందుకు. మూత్రం చిక్కబడింది, మంట మొదలైంది, ఇన్ఫెక్షన్ వచ్చింది, జ్వరంతో మళ్ళీ ఆస్పత్రి. పరుపు మరక ఆడవాళ్ళ వ్యవహారం, మగవాళ్ళకేం పట్టింది అనేవాళ్ళకి ఇదే చెప్తాను. ఒక్క మనిషి మీదే ఆ బరువంతా పడుతుందని తెలిసి ఒక మగవాడు దాహం చంపుకున్నాడు. ఇంట్లో ముగ్గురు చేతులు మార్చుకునే ఏర్పాటు ఉండి ఉంటే ఆయన నీళ్ళు తాగేవారు.

ఇంకో మాట. అదే రోజుల్లో అమ్మ తన బట్టలు విడిగా, చీకటితోనే ఉతుక్కునేది. నాలుగు కాన్పులైన మనిషి, దగ్గితే, బరువెత్తితే, చుక్క పడేది. నాన్నని ఎత్తి తిప్పినప్పుడల్లా అదే జరిగేది. కాన్పుల్లో సడలిన కటి కండరాలకి వ్యాయామం ఉంది, వైద్యం ఉంది. ఏ డాక్టరూ ఆమెని అడగలేదు, ఆమె చెప్పలేదు. ఇంటిల్లిపాది మరకలూ చిట్కాల్లోకి ఎక్కాయి గానీ, మధ్యవయసు ఆడదాని మరకకి మాత్రం ఆ డబ్బాలో కూడా చోటు దొరకలేదు.

ఇక్కడ ఆగిపోతే ఇది మధ్యతరగతి ఇల్లాలి కష్టం మాత్రమే అవుతుంది. నాన్న పోయాక ఆ పరుపునీ దుప్పట్లనీ ఏం చేశారు? మా ఊళ్ళో ఆనవాయితీ ప్రకారం చాకలివాళ్ళకిచ్చేశారు, దానం చేసినట్టుగా. మా అమ్మ పురిటి గుడ్డలు ఉతికింది కూడా ఆ ఇంటి ఆడవాళ్ళే. 'మైల' అనే మాట ఒకటి పెట్టుకుని, కులం ఈ చాకిరీని ఒక ఇంటినుంచి ఇంకో ఇంటికి తోసింది. ఆ ఇంట్లో మళ్ళీ ఆడవాళ్ళ చేతికే! ఇవాళ పట్నాల్లో పన్నెండు గంటల షిఫ్టుకి వచ్చే ఆయమ్మలు ఏ కులాల నుంచి, ఏ వాడల నుంచి వస్తున్నారో చూడటానికి పరిశోధన అక్కర్లేదు. వాళ్ళకి వేరే గ్లాసు పెట్టే స్త్రీవాద కుటుంబాలు కూడా నాకు తెలుసు.

గాంధీ తన ఆత్మకథలో 1898 నాటి డర్బన్ ఇంటి సంగతి ఒకటి రాసుకున్నాడు. ఇంట్లో ఉండే గుమాస్తాల గదుల్లో మూత్రం కుండలుండేవి. వాటిని భార్యాభర్తలే ఎత్తేవాళ్ళు. పంచమ కుటుంబంలో పుట్టి క్రైస్తవుడైన ఒక గుమాస్తా కుండ ఎత్తటానికి కస్తూర్బాకి మనసొప్పలేదు. అయినా కళ్ళనీళ్ళు పెట్టుకుని ఎత్తింది. ఆయనకది చాల్లేదు. సంతోషంగా ఎత్తాలి! ఆమెని చెయ్యిపట్టి గేటుదాకా ఈడ్చాడు. తప్పేనని తర్వాత ఒప్పుకున్నాడు, తనూ కుండలెత్తాడు, అది కాదనను. కానీ ఆ ఒక్క కుండలో రెండూ ఉన్నాయి. ఆమె కులపు అసహ్యమూ ఉంది, ఆయన మగ ఆజ్ఞా ఉంది. ఒకదాన్ని చెప్పి రెండోదాన్ని వదిలేసేవాళ్ళతో నాకు పేచీ.

మన సాహిత్యం ఏం చేసింది? విమల వంటింటిని కవిత్వంలోకి ఈడ్చుకొచ్చింది. కొండేపూడి నిర్మల లేబర్ రూమ్‌ని తెచ్చింది. జయప్రభ పైటని తెచ్చింది. అప్పుడు ఇదేం కవిత్వం అన్న పెద్దలే ఇప్పుడు వాటిని పాఠ్యాంశాలుగా చెప్తున్నారు. అయితే పరుపు మన రాతల్లోకి వచ్చినప్పుడు ఎక్కువగా శృంగారానికో హింసకో వేదికగా వచ్చింది. ఉతికి ఆరవెయ్యాల్సిన వస్తువుగా, ఒక ముసలి మనిషి మానం, ఇంకో ముసలి మనిషి నడుము కలిసి విరిగే చోటుగా ఎంత వచ్చింది? ఒక సదస్సులో నేనీ విషయం మాట్లాడితే అధ్యక్షులవారు 'అమ్మా, సాహిత్యానికి కొంచెం సువాసన కూడా ఉండాలి' అన్నారు. సభంతా నవ్వింది. ఆయన ఇంట్లో ఆ సువాసన ఎవరి చేతుల్లోంచి వస్తోందో అడగబుద్ధయింది.

'ఇప్పుడు మగవాళ్ళూ చేస్తున్నారండీ' అని కొందరంటారు. 2019లో కేంద్రప్రభుత్వం చేసిన కాలవినియోగ సర్వేలో జీతంలేని ఇంటిపని చేసే ఆడవాళ్ళు రోజుకి సగటున 299 నిమిషాలు చేశారు, ఆ పని చేసే మగవాళ్ళు 97 నిమిషాలు. 2024 సర్వే వచ్చేసరికి ఆడవాళ్ళకి 289 అయింది. హమ్మయ్య అనుకునేలోపు మగవాళ్ళది 88 అయింది! మనకి పది నిమిషాలు తగ్గితే వాళ్ళకి తొమ్మిది నిమిషాలు తగ్గాయి. 15 నుంచి 59 ఏళ్ళ వయసువాళ్ళలో ఇంట్లోవాళ్ళ సంరక్షణ చూసే ఆడవాళ్ళు 41 శాతం, మగవాళ్ళు 21.4 శాతం. తల్లిదండ్రుల పోషణ కోసం 2007లో వచ్చిన చట్టంలో 'పిల్లలు' అంటే కొడుకు, కూతురు, మనవడు, మనవరాలు. కోడలి పేరు అందులో లేదు. తెల్లవారుజామున మేడమీద దుప్పట్లు పిండేది మాత్రం ఎక్కువ ఇళ్ళల్లో ఆమే.

కాబట్టి చిట్కాలు రాసే మిత్రులకి నా విన్నపం ఏమిటంటే, ఈసారి వాక్యంలో కర్తని పెట్టండి. 'మీ అబ్బాయి చేత చల్లించండి, మీ ఆయనతో కలిసి మేడమీదికి మొయ్యండి' అని రాసి చూడండి, ఎన్ని ఉత్తరాలొస్తాయో. ఆస్పత్రులవాళ్ళని కూడా అడుగుదాం. ఇంటికి పంపేటప్పుడు ఇచ్చే కాగితంలో మందుల పట్టిక కింద ఇంకో పట్టిక వెయ్యమందాం. రాత్రి పది గంటలకి ఎవరు, పన్నెండుకి ఎవరు, రెండుకి ఎవరు, నాలుగుకి ఎవరు. పేర్లు రాసి, వాళ్ళ చేతే సంతకాలు పెట్టించి, ఆ తర్వాతే పేషెంటుని ఇంటికి పంపమందాం.