పోయిన ఫైలును అజ్నబీని అడగొద్దు

ఏదో ప్రోగ్రాం తెరవబోతే "ఎంఎస్‌వీసీపీ140.డీఎల్ఎల్ దొరకలేదు" అని ఇంగ్లీషులో ఓ చిన్న డబ్బా తెర మీదికొస్తుంది. అంతే, ఇంటిల్లిపాదీ పరేషాన్. ఇల్జామ్ ముందు పిల్లల మీదే: "నువ్వే ఏదో గేమ్ ఎక్కించి ఖరాబ్ చేసినవ్!" తర్వాత అందరూ పట్టే దారులు రెండు. ఆ ఫైలు పేరు గూగుల్లో కొట్టి, కనిపించిన సైటు నుంచి ముఫ్త్‌గా దించుకోవడం. లేదంటే దుకాణానికి మోసుకెళ్లి ఫార్మాట్ కొట్టించడం. రెండూ గలత్ అంటాను నేను.

డీఎల్ఎల్ అంటే డైనమిక్ లింక్ లైబ్రరీ. పేరుకు కుతుబ్‌ఖానా గానీ, నాకైతే మొహల్లాలో షాదీల దేగ్‌లు యాదికొస్తాయి. వందల మందికి వండే దేగ్ ప్రతి ఇంట్లో ఉండదు. ఒకచోట ఉంటాయి, దావత్ ఎవరింట్లో అయితే వాళ్లు తెచ్చుకుంటారు. విండోస్‌లోనూ అంతే. తెర మీద బొమ్మ గీయడం, ప్రింటరుకు పంపడం లాంటి పనుల కోడును ప్రతి ప్రోగ్రామూ సొంతంగా మోసుకు తిరగదు. ఉమ్మడి డీఎల్ఎల్‌ను పిలిచి చేయించుకుంటుంది. డిస్కులో జాగా మిగులుతుంది. కానీ ఆ ఒక్క ఫైలు పోతే, దాని మీద భరోసా పెట్టుకున్న ప్రోగ్రాములన్నీ ఆగిపోతాయి.

మరి దించుకుంటే నష్టమేంటి? డీఎల్ఎల్ అంటే ఫొటో కాదు, నడిచే కోడు. పిలిచిన ప్రోగ్రాముకు ఎంత ఇఖ్తియార్ ఉంటే దానికీ అంతే. అదే కంప్యూటర్లో అబ్బా బ్యాంకు ఖాతా ఉంటుంది, పిల్లల స్కాలర్‌షిప్ కాగితాలుంటాయి, దుబాయ్ నుంచి భాయ్ పంపిన పైసల లెక్కలుంటాయి. పేరూ ఊరూ తెలియని సైటు ఇచ్చిన ఫైలును వాటి మధ్యలో కూర్చోబెడతామా? ఫైలు అస్లీదే అయినా వర్షన్ కలవకపోతే ఎర్రర్ మళ్లీ హాజిర్.

ఫార్మాట్ సంగతీ చెబుతా. మా మొహల్లాలో ఒక ఖాలా కంప్యూటర్‌ను ఇట్లాంటి ఎర్రర్‌కే ఒక దుకాణంలో ఫార్మాట్ చేసిచ్చారు. మర్హూమ్ ఖాలూ ఫొటోలన్నీ డెస్క్‌టాప్ మీదే ఉండేవి. సీ డ్రైవ్‌తో పాటే పోయాయి. పోయిన ఫైలు ఒకటి, పోగొట్టుకున్నది ఒక జిందగీ.

అస్లీ ఇలాజ్ సులువే. ఆ ఫైలుకు మాలిక్ ఎవరో కనుక్కోవాలి, అక్కడి నుంచే తెచ్చుకోవాలి. ముందు రీసైకిల్ బిన్ చూడండి. ఒక్క ప్రోగ్రామే మొరాయిస్తే దాన్ని తీసేసి, తయారుచేసిన కంపెనీ సైటు నుంచి మళ్లీ ఎక్కించండి. పేరు ఎంఎస్‌వీసీపీ140 అనో వీసీరన్‌టైమ్140 అనో ఉంటే మైక్రోసాఫ్ట్ సొంత సైటులో "విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్" ముఫ్త్‌గానే దొరుకుతుంది. 64 బిట్ విండోస్ అయితే ఎక్స్86, ఎక్స్64 రెండూ వేయండి, 32 బిట్ ప్రోగ్రాములకు వాటి ఫైళ్లు వేరే కావాలి.

విండోస్ సొంత ఫైలే చెడిందనుకుంటే కమాండ్ ప్రాంప్ట్‌ను అడ్మినిస్ట్రేటర్‌గా తెరవండి. ఎస్, ఎఫ్, సీ కొట్టి, ఖాళీ వదిలి, స్లాష్ పెట్టి, దాన్ని ఆనించి "స్కాన్‌నౌ" అని కొట్టండి. విండోస్ తన ఫైళ్లను తానే తనిఖీ చేసి, చెడినవాటిని బాగుచేసే కోషిష్ చేస్తుంది. ఒకవేళ ఫైలును యాంటీవైరసే పట్టి పక్కన పెట్టిందా? ప్రోగ్రాం క్రాక్ చేసిన మాల్ అయితే ఆ ఫైలును విడిపించకండి, ప్రోగ్రామునే సాగనంపండి.

ఇంత చేసినా దుకాణానికి వెళ్లక తప్పకపోతే, ముందు ఫొటోలూ కాగితాలూ పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించుకోండి. తర్వాత కౌంటర్ దగ్గర నిలబడి చెప్పండి: "ఫార్మాట్ వద్దు భాయ్, ఏ ఫైలు లేదో అది చూడు."