బంజరు కాదు, కలివి పొదల నేల

జేసీబీలు వచ్చాక మన చేలగట్ల మీద మొదట పోయింది కలివి పొద. జంట ముళ్లు, మల్లెలా వాసన వేసే తెల్లపూలు, మాగితే నల్లబడే కాయలు. కొన్నిచోట్ల కలేకాయలంటారు. పచ్చికాయ తుంపితే పాలు కారి చేతులు అంటుకుంటాయి. గొర్రెల వెంట పోయిన ప్రతివాడూ ఆ పండ్లు తిన్నవాడే. పశువు దూరని ఆ కంచెను పెళ్లగించి, ఇప్పుడు అప్పుచేసి రాతికూసాలు, ఇనుపముళ్ల తీగ కొంటున్నాం.

ఈ పొద పేరుతోనే కడప జిల్లా లంకమల కింద ఒక పిట్ట ఉంది, కలివికోడి. 1900 తర్వాత ఎవరికీ కనబడలేదు, అంతరించిందనే అనుకున్నారు. 1986 జనవరిలో మళ్లీ దొరికింది. చూపించింది ఊరి మనిషే, పుస్తకాలు కాదు. రాత్రిపూట తిరిగే ఆ పిట్టకు దట్టమైన అడవి పనికిరాదు, బోడినేలా పనికిరాదు. పొదకూ పొదకూ మధ్య పరుగెత్తేంత ఖాళీ ఉండాలి. హెక్టారుకు 300 నుంచి 700 పెద్ద పొదలున్న చోట్లే దానికి అనువని పరిశోధకులు లెక్కగట్టారు. మరీ ఎక్కువ మేపినా, కట్టెలకు నరికినా పొద పోతుంది. మేత పూర్తిగా ఆపేస్తే పొదలు మూసుకుపోతాయి. అంటే ఆ ఖాళీని ఇన్నాళ్లూ నిలిపింది మన గొర్రెలూ మేకలే. ఈ మాట అటవీశాఖ ఆఫీసుల్లో ఎవరూ అనరు.

1988లోనే అక్కడ అభయారణ్యం ప్రకటించారు. అయినా 2005లో తెలుగుగంగ కాలువ పనులు ఆ పిట్ట తిరిగే నేల మీదికే వచ్చాయి. తర్వాత కాలువ దారి మార్చాల్సి వచ్చింది. నీళ్ల కోసం ఎదురుచూసిన రైతుకు కోపం రావడం న్యాయమే. ఆ కోపం పిట్ట మీద కాదు, ముందే నేలను చూడకుండా గీత గీసినవాళ్ల మీద ఉండాలి.

రెవెన్యూ రికార్డులో ఇలాంటి నేలకు ఒకటే పేరు, బంజరు. ఆ ఒక్క మాటతో ఎవరికైనా రాసిచ్చేయొచ్చు. ఆ మాట మార్చాలని మన సంఘం అడగాలి. పొదల రక్షణకని పట్టాభూమి తీసుకుంటే మార్కెట్ ధర ముందే చేతిలో పెట్టాలి. ఏ నెలల్లో, ఎన్ని జీవాలు మేపాలో గొల్లలను కూర్చోబెట్టి తేల్చాలి. వాళ్లను తరిమేసి ఆ నేలను కాపాడతామంటే ఒప్పుకోం.