ఒక్కరోజు నటుడికీ పేరుంది

చింతూరు: తొలి తెలుగు టాకీ 'భక్తప్రహ్లాద' 1932లో విడుదలైంది. దర్శకుడు హెచ్.ఎం. రెడ్డిని, లీలావతి వేషం వేసిన సురభి కమలాబాయిని నేటికీ తలచుకుంటారు. ప్రహ్లాదుడు వేసిన బాలుడు కృష్ణారావు పేరు మాత్రం చాలామంది ఎరుగరు. ఆ తరువాత తెరమీద ఆయన పేరు పెద్దగా వినబడలేదు. ఆ సినిమా ప్రింటు సైతం మిగలలేదు.

ప్రధాన పాత్రధారికే ఈ గతి పడితే, గుంపులో నిలబడే మన్యంవాసుల మాటేమిటి? 2021లో వచ్చిన 'పుష్ప'లో చాలాభాగం మారేడుమిల్లి అడవుల్లోనే తీశారు. ఇటు షూటింగులకు వచ్చేవారు స్థానికులకు కూలి ఇచ్చి పంపితే సరిపోదు. ఒక్కరోజు నటించిన కోయ, కొండరెడ్డి బిడ్డల పేర్లు కూడా తెరమీద వేయాలి. పంచాయతీ పుస్తకంలో ఊరు, సంవత్సరంతో సహా రాసి ఉంచాలి. అనుమతులిచ్చే అధికారులు దీనిని షరతుగా పెట్టడం సమంజసం.